కర్నల్ గారి సుబేదారు

అమెరికాలో ఆష్‌బర్న్ గుడి వంటింట్లో విశ్వనాథాన్ని అందరూ కర్నల్ గారు అంటారు. ఆయన సైన్యంలో చేసింది లేదు, పెట్టింది లేదు. ఎన్‌సీసీలో చేరితే ఎండలో నిలబెడతారని కాలేజీ రోజుల్లో ఆ ఛాయలకే పోని మనిషి. చేత్తో పట్టిన ఆయుధం ఏదైనా ఉంటే అది కూరగాయల చాకే. అదీ భార్య రాగిణి ఏరి కోరి ఇచ్చిన మొండి చాకు. పదునైనది ఇస్తే కథ చెబుతూ వేలు కోసుకుంటాడని ఆవిడ భయం.

ఆ పేరు రావడానికి కారణం ఆయనకున్న ఒక పిచ్చి. కుంపిణీ కాలంలో మన దేశంలో యుద్ధాలు చేసిన తెల్ల దొరలు ఉద్యోగం చాలించి, ఇంగ్లండు వెళ్ళి, ఓ ఇల్లు కట్టుకుని, కాళ్ళ నొప్పులతో కుర్చీలో కూలబడి జ్ఞాపకాలు రాసుకునేవారు. కెప్టెన్లు, మేజర్లు, కర్నళ్ళు, ఒకరని కాదు. గుర్రం దిగిన ప్రతివాడూ కలం ఎక్కాడు. ఆ పుస్తకాలన్నీ విశ్వనాథానికి కావాలి. ఇంట్లో టీవీ ఉండాల్సిన గోడకి బీరువా వచ్చింది, టీవీ బేస్‌మెంట్‌లోకి పోయింది.

ఈ పిచ్చి పక్కూరు హెర్న్‌డన్‌లో పట్టుకుంది. అక్కడి లైబ్రరీవాళ్ళు పాత పుస్తకాలు అమ్మేటప్పుడు చివరి రోజున సంచీలో ఎన్ని పడితే అన్ని తీసుకుపొమ్మంటారు. కూతురు అవని చిన్నపిల్లగా ఉన్నప్పుడు బొమ్మల పుస్తకాల కోసం తీసుకెళ్ళాడు. వాటి అడుగున, అట్ట చిరిగిన ఎర్ర పుస్తకం ఒకటి దొరికింది. ఎవరో కర్నల్ ఎల్డ్రిజ్ రాసుకున్న సొంత కథ. ఊరికే మధ్యలో తెరిస్తే తుమ్మగిరి కోట అని కనబడింది.

తుమ్మగిరి విశ్వనాథం పుట్టిన ఊరికి పక్కూరు. ఆయన చిన్నతనానికి అక్కడ కోట లేదు, మట్టిదిబ్బ ఉండేది. దానిమీద గేదెలు మేసేవి, పిల్లలు తాటిమట్టల మీద కూర్చుని జారేవారు. అది ఎవరు కూల్చారని అడిగితే ఊళ్ళో ఒక్కరికీ తెలియదు. కూల్చినవాడు ఇన్నేళ్ళకి హెర్న్‌డన్‌లో చేతికి దొరికి, ఎలా కూల్చాడో తీరిగ్గా చెబుతుంటే విశ్వనాథం నిలబడిపోయాడు. అవని చొక్కా పట్టుకు లాగుతున్నా కదల్లేదు.

పెద్దయ్యాక ఆ పిల్లే ఒకసారి అడిగింది, "డాడ్, మనల్ని కొట్టినవాళ్ళ బుక్స్ నువ్వెందుకు రీడ్ చేస్తావ్?" అని. "మనవాళ్ళు రాయలేదు కదమ్మా" అన్నాడు ఈయన. "దొంగ చెబితే గానీ ఇంట్లో ఏముండేదో తెలియని పరిస్థితి."

ఇంకో కారణం కూడా ఉంది, అది కూతురికి చెప్పలేదు. ఆయన ఉద్యోగం కూడా ఇంచుమించు అదే. ఆయన కంపెనీ క్లినిక్‌లకి అపాయింట్‌మెంట్ల సాఫ్ట్‌వేర్ నడుపుతుంది. పల్లెటూరి డాక్టరు దగ్గర్నుంచి పట్నంలో పెద్ద క్లినిక్‌ల దాకా అందరి పనీ దానిమీదే నడుస్తుంది. అది పడిపోతే, టీమంతా చేరే ఫోన్ కాల్‌లోకి వచ్చి అందరినీ నడిపించి లేవదీయడం విశ్వనాథం పని. లేచాక, ఎందుకు పడిందో రిపోర్ట్ రాయడం కూడా ఆయన పనే. ఏళ్ళ తరబడి అవే రాసీ, అవే చదివీ, అబద్ధం ఏ వాక్యం కింద దాక్కుంటుందో ఆయన ముక్కుకి తెలిసిపోతుంది. దొరల పుస్తకాల్లో కూడా అదే వాసన. గెలిచిన చోట "నేను" అని ఉంటుంది, ఓడిన చోట "అలా జరిగింది" అని ఉంటుంది. ఆడలేక మద్దెల ఓడన్నట్టు ఒకసారి వానలు, ఒకసారి విషజ్వరాలు, ఒకసారి ఎద్దులు. ఏదీ దొరక్కపోతే మందుగుండు ఆలస్యంగా పంపిన మద్రాసు పెద్దలు.

శనివారం పొద్దున గుడిలో అన్నదానానికి కూరలు తరగడానికి పదిమంది చేరతారు. ఆ వంటింటికి రాగిణి సర్వాధికారి. నైవేద్యం కాకముందు ఏదీ నోట్లో పెట్టుకోకూడదని ఆవిడ చట్టం. ఉప్పు సరిపోయిందో లేదో కూడా వాసనబట్టి చెప్పాల్సిందే. అందుకే ఆ వంటింట్లో దోసకాయ నిషేధం. ముక్క కొరికి చూడకుండా దోసకాయ పప్పు పెడితే, ఒక్క చేదుకాయ చాలు, ఊరందరి నోరూ పాడవుతుంది. కాబట్టి చిక్కుళ్ళు, బంగాళాదుంపలు, గుమ్మడికాయ. చేతులు వాటిమీద ఉంటే చెవులు విశ్వనాథం మీద ఉండేవి. ఆయన వారానికో యుద్ధం చెప్పేవాడు.

తుమ్మగిరి కథ మాత్రం మళ్ళీ మళ్ళీ చెప్పించుకునేవారు. మొదటిసారి ఎల్డ్రిజ్ కోట మీదికి పోయి చావుదెబ్బ తిని వెనక్కి వచ్చాడు. దానికి కారణం వానలు. రెండోసారి కోట వెనకాల బండలమీదుగా ఒక దారి ఉందని కనిపెట్టి, నడుముకి తాడు కట్టుకుని ముందు పాకినవాడు కుంపిణీ సైన్యంలో మన సుబేదారు ఒకడు. అతని గురించి దొర రాసిన ముక్క ఒకటే. "నల్లవారిలో ఒక అధికారి, పేరు ఇప్పుడు గుర్తు లేదు." అంతే, కోట పడింది, కర్నల్‌కి పేరొచ్చింది. సొమ్మొకడిది, సోకొకడిది.

ఇక్కడికి వచ్చేసరికి విశ్వనాథం చాకు పక్కన పెట్టేవాడు. "దొరకి గుర్తు లేకపోతే మనకేం, మనమే పెట్టుకుందాం పేరు. మా వైపు వాడు కదా, సింహాచలం అందాం." ఆ రోజునుంచి ఏ పుస్తకంలో పేరు లేని సిపాయి కనబడినా అతను సింహాచలమే. కథ ఎక్కడికి పోయినా, "సింహాచలం ఎప్పుడొస్తాడండీ?" అని అడిగేవారు చిక్కుళ్ళ దగ్గరవాళ్ళు. ఎల్డ్రిజ్ పుస్తకంలో ఆ వాక్యం పక్కన విశ్వనాథం పెన్సిల్‌తో ఆ పేరు రాసుకున్నాడు కూడా. పాపం, ఒక మనిషికి న్యాయం చేశానని ఆయన నమ్మకం.

అందరికంటే శ్రద్ధగా వినేది శ్రీవిద్య. కరీంనగర్ పిల్ల, ఆఫీసులో విశ్వనాథం టీమే. ఎవరూ తెలియని ఊళ్ళో శనివారాలు ఒంటరిగా ఏం చేస్తావని ఆయనే వంటింటికి పిలిచాడు. ఆఫీసులో అందరూ ఆయన్ని విశ్వా అంటారు, ఈ పిల్లకి మాత్రం సర్ అననిదే నోరు తిరగదు. తను హెచ్‌వన్‌బీ మీద ఉంది. ఉద్యోగం పోతే రెండు నెలల్లో ఇంకోటి వెతుక్కోవాలి, లేకపోతే సామాను సర్దుకోవాలి. ఆ భయం ఆ వీసా మీదున్న ప్రతి ఇంట్లోనూ ఉండేదే, కొత్తగా చెప్పుకోరు.

ఒక శనివారం ఆ పిల్ల చిక్కుడు ఈనె లాగుతూ అడిగింది. "సర్, ఆ కర్నల్‌కి నిజంగనే పేరు యాదికి లేదంటరా?"

"ఎందుకుండదు? తన గుర్రం పేరు, కుక్క పేరు కూడా రాశాడు. ఇతని పేరు రాస్తే సగం గెలుపు ఇతనికి పోతుంది, అందుకని రాయలేదు."

శ్రీవిద్య తలూపి ఇంకో చిక్కుడుకాయ తీసుకుంది.

తర్వాత వేసవిలో ఆఫీసులో పెద్ద పని పడింది. అపాయింట్‌మెంట్లన్నీ దాచే పాత స్టోరేజ్ నుంచి కొత్తదానికి మార్చాలి. తేదీ విశ్వనాథమే ఒప్పుకున్నాడు. మేనేజర్ క్రెయిగ్ ఆ తేదీని పైవాళ్ళందరికీ చెప్పేశాడు. మూడు రోజులముందు మీటింగ్‌లో శ్రీవిద్య, కాపీ సరిగ్గా వచ్చిందో లేదో చూసే టెస్ట్ ఇంకా పూర్తి కాలేదు, ఒక్క వారం ఆపండి అంది. విశ్వనాథం నాన్చాడు. మీటింగ్ అయ్యాక ఆ పిల్ల తెలుగులో మళ్ళీ చెప్పింది, "సర్, ఇది గుడిల దోసకాయ పప్పు పెట్టినట్టే అయితది" అని. ఆయన నవ్వేసి, దేవుడున్నాడులేమ్మా, కానిచ్చేద్దాం అన్నాడు. ఇచ్చిన మాట వెనక్కి తీసుకోవడం ఆయనకి నామోషీ.

దోసకాయ చేదుగానే ఉంది. శనివారం మార్చారు. సోమవారం పొద్దున క్లినిక్‌లు తలుపులు తెరిచేసరికి సగం అపాయింట్‌మెంట్లు లేవు. వచ్చిన రోగికి ఏ డాక్టరో తెలియదు, డాక్టరుకి వచ్చింది ఎవరో తెలియదు. ముసలివాళ్ళు కుర్చీల్లో, నర్సులు కాగితాలమీద పేర్లు రాసుకుంటూ, ఫోన్లు మోగుతూ. విశ్వనాథం కాల్‌లోకి వచ్చి, గొంతు మామూలుగా పెట్టి మాట్లాడుతున్నాడు. పాత స్టోరేజ్‌ని ఆపేసి ఖాళీ చేయమని శనివారమే తను చెప్పాడు. వెనక్కి పోవడానికి దారి లేదు.

అప్పుడు కాల్‌లో శ్రీవిద్య గొంతు వినబడింది. పాతదాన్ని తను ఆపలేదని, టెస్ట్ పూర్తయ్యేదాకా ఉంచుదామని అలాగే నడవనిచ్చానని చెప్పింది. చెప్పిన మాట విననందుకు తిట్లు పడతాయేమోనని ఆ గొంతులో భయం. విశ్వనాథానికి ఆ క్షణంలో ఆ పిల్ల కాళ్ళకి దండం పెట్టాలనిపించింది. మధ్యాహ్నానికల్లా ఆ పాత కాపీ మీదుగా అంతా వెనక్కి తెచ్చింది. అమెరికాలో సగం మంది డాక్టర్లకి తెలియకుండా ఒక కరీంనగర్ పిల్ల వాళ్ళ మంగళవారాన్ని కాపాడింది.

ఇక రిపోర్ట్ రాయాలి. క్రెయిగ్ చెడ్డవాడేం కాదు, కానీ తల కాపాడుకోవడం తెలిసినవాడు. పైవాళ్ళు చదువుతారు, టీమ్‌లో మార్పులు వస్తాయంటున్నారు, సులువుగా తేల్చెయ్యి అన్నాడు. మార్చే ఆజ్ఞ టైప్ చేసింది ఎవరో కంప్యూటర్ లాగ్‌లో ఉంది కదా, పని చేసేటప్పుడు జరిగిన మానవ తప్పిదం అని ఒక్క లైను రాస్తే చాలన్నాడు. టైప్ చేసింది శ్రీవిద్యే. చెప్పింది విశ్వనాథం.

ఆయన ఇంటికొచ్చి బీరువాలో దొరలందరినీ ఒకసారి చూశాడు. జీవితంలో మొదటిసారి వాళ్ళ కుర్చీ తనకి దొరికింది. వానలమీద తోసెయ్యొచ్చు, ఎద్దులమీద తోసెయ్యొచ్చు. తోయలేదు. టెస్ట్ పూర్తి కాకుండా మార్చమన్న నిర్ణయం నాది, ఆగమన్న సలహా వచ్చినా వినలేదు, తప్పంతా నాదే అని రాశాడు. టీమ్ పాత కాపీ నుంచి అన్నీ తిరిగి తెచ్చింది అని ముగించాడు. శ్రీవిద్య పేరు మాత్రం ఎక్కడా రానివ్వలేదు. వీసా మీదున్న పిల్ల. మనవాళ్ళలో అదొక లెక్క, ఆఫీసు గొడవల కాగితంలో పేరు పడితే పోలీస్ స్టేషన్‌లో పేరు పడ్డట్టే. మంచికైనా సరే, చెడ్డకైనా సరే, కనబడకుండా ఉంటే క్షేమం. ఆ పిల్లని కొంగుచాటున దాచినట్టు దాచాననుకున్నాడు ఆయన.

రాగిణికి చదివి వినిపిస్తే బాగుందంది. పంపాక జరిగింది ఆయన ఊహించనిది. పైనుంచి మెచ్చుకుంటూ మెయిల్స్ వచ్చాయి. ఇంత నిజాయితీ ఈ రోజుల్లో ఎక్కడుంది, నాయకుడంటే ఇలా ఉండాలి అన్నారు. ఒక డైరెక్టర్ ఆ రిపోర్ట్‌ని కంపెనీ అంతటికీ పంపి చదవమన్నాడు. విశ్వనాథం పైకి అబ్బే అన్నాడు గానీ, ఆ వారం ఆయన నడక మారింది. వంటింట్లో బంగాళాదుంపల దగ్గర కూడా కాస్త కర్నల్‌లాగే కూర్చున్నాడని రాగిణి తర్వాత దెప్పింది.

మరుసటి శుక్రవారం క్రెయిగ్ పిలిచి, టీమ్‌లో ఇద్దరిని తీసేయమన్నారని చెప్పాడు. పైవాళ్ళకి ఎవరెవరు ఏం చేస్తారో తెలియదు కాబట్టి, పెద్ద పనుల్లో ఎక్కడా పేరు లేనివాళ్ళని ఎంచుకున్నారట. సోమవారం ఖాయం చేస్తారు. ఆ ఇద్దరిలో ఒకరు శ్రీవిద్య.

ఈ సంగతి బయట చెప్పకూడదు. విశ్వనాథం ఆ రాత్రంతా పక్కమీద దొర్లి, పొద్దున గుడికి వెళ్ళి శ్రీవిద్యకి చెప్పేశాడు. హారతికి అందరూ పైకి వెళ్ళారు, వంటింట్లో చిక్కుడుకాయల ముందు ఇద్దరే ఉన్నారు. మాట ఎలా మొదలుపెట్టాలో తెలియక, "నీ పేరు ఎక్కడా రాకుండా చూశానమ్మా, అయినా ఇలా వచ్చింది" అంటూ మొదలుపెట్టాడు.

శ్రీవిద్య అంతా విని, చేతిలో ఈనె పళ్ళెంలో వేసింది. ఏడవలేదు. అరవలేదు. అరిచినా బాగుండేది.

"సర్, ఆపుమన్నది ఎవరు?"

"నువ్వే."

"పాతది నడువనిచ్చింది ఎవరు?"

"నువ్వేనమ్మా."

"మరి మీ రిపోర్ట్‌ల నేనేడున్న?"

వీసా అని, రక్షణ అని ఆయన ఏదో చెప్పబోయాడు. ఆ పిల్ల వినిపించుకోలేదు.

"ఎన్నడో సచ్చిపోయిన సుబేదారుకు మీరు పేరు పెట్టిండ్రు సర్. నాకు కొత్తగ పెట్టే పని లేదు, మా అమ్మ పెట్టిన పేరుంది. అది రాస్తె సాలు గద."

పైన గంట మోగుతోంది. విశ్వనాథానికి మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. సిగ్గేసింది. చిన్నప్పుడు బళ్ళో అబద్ధం ఆడి దొరికినప్పుడు కూడా అంత సిగ్గు పడలేదు.

ఇంటికొచ్చి ఎల్డ్రిజ్ పుస్తకం తీశాడు. ఆ పేజీ, పక్కనే తన రిపోర్ట్. ఒకదాంట్లో గెలుపంతా దొరది. ఇంకోదాంట్లో తప్పంతా తనది. అవి రెండూ వేరనుకున్నాడు ఇన్నాళ్ళూ. కానీ తప్పంతా నాదే అని రాసినా, కథంతా తనదే అయింది. ఆగమన్నవాళ్ళు లేరు, "సలహా వచ్చింది". లేపినవాళ్ళు లేరు, "టీమ్ తెచ్చింది". పేరు ఇప్పుడు గుర్తు లేదు అనడానికీ దీనికీ తేడా ఏముంది? ఆ దొరకి మరుపైనా సాకుగా ఉంది, తనకి అదీ లేదు. పైగా ఈయన దాచిన పేరుకి ఈయనకే మెచ్చుకోళ్ళు వచ్చాయి.

రాగిణి అంతా విని ఒక్కటే అడిగింది. పంపేముందు ఆ పిల్లకి చూపించావా అని. లేదన్నాడు. "రుచి చూడకుండా పెట్టేది దేవుడికయ్యా, మనుషులకి కాదు" అంది ఆవిడ.

ఆదివారం కూర్చుని మళ్ళీ రాశాడు. ఈసారి రాసి, ముందు శ్రీవిద్యకి పంపాడు. ఆ పిల్ల ఫోన్ చేసి, తన గురించి అద్భుతం, ధైర్యం అన్న మాటలు రాసిన చోటల్లా తీసేయమంది. ఏం చేశానో ఉంటే చాలు, ఎట్ల చేశానో వద్దు అంది. తర్వాత, టీమ్‌లోనే రెడ్‌మండ్ ఆఫీసు నుంచి పనిచేసే ఈషాన్ పేరు కూడా పెట్టమంది. క్లినిక్‌లకి ఒక్కొక్కటిగా ఫోన్లు చేసి పోయినవాటిని సరిచూసింది అతనేనట. ఆ సంగతి విశ్వనాథానికి తెలియనే తెలియదు. అడగలేదు కాబట్టి తెలియలేదు.

సోమవారం పొద్దున్నే, మొదటి రిపోర్ట్ ఎంతమందికి పోయిందో అంతమందికీ సవరణ పోయింది. ఆగమని చెప్పింది శ్రీవిద్య, వినకుండా మార్చమన్నది నేను, నేను ఆపేయమన్న పాత కాపీని ఆపకుండా ఉంచి అన్నీ తిరిగి తెచ్చింది శ్రీవిద్య, క్లినిక్‌లతో సరిచూసింది ఈషాన్, ఈ పేర్లు మొదటిసారి రాయకపోవడం కూడా నా నిర్ణయమే అని అందులో ఉంది.

క్రెయిగ్‌కి కోపం వచ్చింది. అందరూ మెచ్చుకున్న దాన్ని నువ్వే ఎందుకు గోక్కున్నావని అడిగాడు. ఆ మధ్యాహ్నమే డైరెక్టర్ నుంచి ప్రశ్న వచ్చింది, మనల్ని కాపాడిన మనిషి తీసేసేవాళ్ళ లిస్టులో ఎలా ఉంది అని. శ్రీవిద్య పేరు లిస్టులోంచి పోయింది. రెండో ప్రశ్న విశ్వనాథానికి వచ్చింది, మొదటిసారి ఎందుకు దాచావు అని. ఆ పిల్ల మంచికే అనుకున్నాను అంటే అది ఇంగ్లీషులో మరీ పేలవంగా వినబడింది. ఒకసారి దాచినవాడు రేపు ఇంకోటి దాచడని ఏముంది అన్నారు. నెల తిరక్కుండా, సిస్టమ్ పడిపోయినప్పుడు కాల్ నడిపించే పని ఆయన్నుంచి తీసేసి ఈషాన్‌కి ఇచ్చారు. విశ్వనాథం ఉద్యోగం ఉంది, పెత్తనం లేదు. ఇన్నేళ్ళుగా తను నడిపించిన కాల్‌లోకి వచ్చి, అడిగినప్పుడు మాత్రం మాట్లాడాలి. బాధ లేదంటే అబద్ధం. మొదటి రోజు కాల్ అయ్యాక కారులో చాలాసేపు స్టార్ట్ చేయకుండా కూర్చున్నాడు.

వంటింట్లో ఆ వారాలు కథలు లేవు. గొంతు బాగాలేదన్నాడు. చిక్కుళ్ళ దగ్గరవాళ్ళు సింహాచలం ఏమయ్యాడని అడిగితే, సెలవు మీద పోయాడన్నాడు. శ్రీవిద్య వస్తూనే ఉంది. అదివరకటిలాగే సర్ అంటోంది, అదివరకంత నవ్వడం మాత్రం లేదు. ఆయన దాన్ని తప్పుపట్టలేదు.

చలికాలం మొదట్లో సిస్టమ్ మళ్ళీ మొరాయించింది, ఈసారి చిన్నగా. కాల్ ఈషాన్ నడిపించాడు. కుర్రాడు చురుకైనవాడు, బాగానే నడిపించాడు. అందరూ కొత్త స్టోరేజ్‌లో వెతుకుతుంటే, విశ్వనాథం మ్యూట్ తీసి, పోయినేడాది ఒక క్లినిక్‌లో ఇలాగే కంప్యూటర్ గడియారం తప్పి ఇలాంటిదే జరిగింది, ముందు అది చూడమన్నాడు. అదే. గంటలో లేచింది. మర్నాడు రిపోర్ట్ వచ్చింది. పొందికగా ఉంది, ఎవరిమీదా తోసింది లేదు. మధ్యలో ఒక వాక్యం, "టీమ్‌లో ఒకరు పాత సంఘటనని గుర్తు చేయడంతో కారణం దొరికింది."

విశ్వనాథం ఆ వాక్యం రెండుసార్లు చదివాడు. నవ్వొచ్చింది, ఆ నవ్వు సగంలో ఆగిపోయింది. ఆ ఒకరు ఆయనే. తాడు కట్టుకుని బండలెక్కితే ఇలా ఉంటుంది కాబోలు అనుకున్నాడు. రాయమని అడగడానికి ఏ మొహం ఉంది? టీ పెట్టుకోవడానికి లేచాడు.

తిరిగొచ్చేసరికి ఆ మెయిల్‌కి జవాబొకటి వచ్చి ఉంది. శ్రీవిద్య. అందరికీ. డైరెక్టర్ కూడా ఉన్న ఆ జాబితా మొత్తానికి. ఇంగ్లీషులో రెండే వాక్యాలు. మంచి రిపోర్ట్, ఒక సవరణ. "టీమ్‌లో ఒకరు" అన్న చోట విశ్వనాథం గారు అని చదువుకోగలరు. ఇంటిపేరుతో సహా రాసింది, గారు కూడా వదల్లేదు. క్రెయిగ్ లాంటివాళ్ళు ఆ గారు ఏమిటో తెలియక బుర్ర గోక్కుని ఉంటారు.

అప్పుడు ఏడుపొచ్చింది ఆయనకి. నాయకుడని కంపెనీ అంతా మెచ్చుకున్న రోజున రాలేదు, కుర్చీ పోయిన రోజున రాలేదు, టీ కప్పు చేతిలో పట్టుకుని ఇప్పుడొచ్చింది. రాగిణి చూసి ఏమైందంటే స్క్రీన్ చూపించాడు. కాసేపటికి ఈషాన్ ఫోన్ చేశాడు. "సారీ అంకుల్. నేమ్స్ వద్దు, అందరికీ సేఫ్ అనుకున్నాను. నేమ్స్ రాయాలని నాకు ఎవరూ చెప్పలేదు" అని వచ్చిన తెలుగంతా కూడదీసుకుని చెప్పాడు. నాకూ ఎవరూ చెప్పలేదు బాబూ, ఈ మధ్యనే ఒకావిడ చెప్పింది అన్నాడు విశ్వనాథం.

ఆ శనివారం గొంతు బాగైంది. గుమ్మడికాయ తరుగుతూ తుమ్మగిరి మొదలుపెట్టాడు. వానలొచ్చాయి, ఎద్దులు చచ్చాయి, రెండోసారి సైన్యం కదిలింది, బండల వెనక దారి దగ్గరికి వచ్చింది. అందరూ చాకులు ఆపారు. విశ్వనాథం కూడా ఆపాడు.

"ఈయన పేరు సింహాచలం కాదండీ. అది నేను పెట్టింది. అసలు పేరు ఒకటుంది, వాళ్ళమ్మ పెట్టింది. దొరకి తెలుసు, రాయలేదు. ఆ తాడు పట్టుకుని వెనకాల ఎక్కినవాళ్ళందరికీ కూడా తెలుసు."

"మరి వాళ్ళైనా చెప్పలేదా?" అని అడిగారెవరో.

ఆయన చిక్కుళ్ళ వైపు చూశాడు. శ్రీవిద్య తలెత్తకుండా ఈనె లాగుతోంది, పెదవి చివర మాత్రం నవ్వు.

"పాపం, రిప్లై ఆల్ కొట్టేవాళ్ళు ఎవరూ లేకపోయారు" అన్నాడు విశ్వనాథం, మళ్ళీ చాకు తీసుకుంటూ.